ఊపిరిని కనిపెట్టియుండిన వైద్యుడు: డాక్టరు ఎడ్వర్డు లారీ

ఈ సంవత్సరము పదవ తరగతివారికి శ్వాసక్రియను గూర్చిన పాఠము జరుగుచుండగా, శామీర్‌పేట నుండి వచ్చు ఒక బాలుడు లేచి, మేల్కొనియున్నంతసేపు మనమే ఊపిరి పీల్చుకొందుము గదా, నిద్రలో మనకు బదులు ఎవరు పీల్చుదురని యడిగెను. తరగతి యంతయు నవ్వెను. మాకు మాత్రము నవ్వు రాలేదు. దానికి తోబుట్టువైన ప్రశ్నయే యొకటి 1888వ సంవత్సరమున మన హైదరాబాదు నగరమున పుట్టి, లండను వైద్యులకు సైతము నిద్ర లేకుండ జేసినది. మత్తుమందు పుచ్చుకొన్న మనుష్యుడు చనిపోవునప్పుడు ముందుగా ఆగునది ఊపిరియా, గుండెయా యనునదే ఆ ప్రశ్న. మేడ్చలునకు సుమారు 30 కిలోమీటరుల దూరములో జరిగిన యీ వృత్తాంతము మన పిల్లలకు తెలియకుండుట తగదని యెంచి, దానికి మూలపురుషుడగు డాక్టరు ఎడ్వర్డు లారీగారి జీవితమును ఇచ్చట వ్రాయుచున్నాము.

లారీగారు 1846లో జన్మించిరి. ఎడిన్బరో నగరమున వైద్యము చదివి, ఆ కాలపు శస్త్రవైద్యులలో పేరొందిన జేమ్సు సైముగారి శిష్యులైరి. లారీగారి తక్కిన జీవితమంతయు ఆ గురువుగారు నేర్పిన ఒక్క పాఠమునకు వ్యాఖ్యానమని చెప్పినను చెల్లును. ఆ పాఠ మేమో తెలిసికొనుటకు కొంచెము వెనుకకు పోవలెను.

1847లో అదే యెడిన్బరోలో సింప్సను అను వైద్యుడు క్లోరోఫారము అను ద్రవము యొక్క ఆవిరిని పీల్చినవారు ఒడలు తెలియక నిద్రింతురని లోకమునకు చాటెను. మత్తుమందులు రాకముందు శస్త్రచికిత్స యనగా రోగిని నలుగురు పట్టుకొనియుండగా కోయుటయే. అట్టి బాధ తొలగెనని జనులు సంతోషించుచుండగనే, 1848 జనవరిలో ఇంగ్లండు ఉత్తర భాగమున పదునైదేండ్ల బాలిక యొకతె కాలిగోరు తీయించుకొనుటకై క్లోరోఫారము పీల్చి, కొన్ని నిమిషములలో మరణించెను. గోరు తీయించుకొనబోయి ప్రాణము పోవుట! ఆనాటి నుండి అట్టి మరణములు అచ్చటచ్చట జరుగుచునే యుండెను. కారణ మేమి? ఆ మందు గుండెను ఆపునని లండను వైద్యులలో పెక్కండ్రు తలచి, రోగి మణికట్టున నాడిని పట్టి చూచుచుండవలెనని బోధించిరి. సైముగారు నాడిని తలపెట్టనే లేదు. రొమ్ము లేచుచున్నదా, పొట్ట కదలుచున్నదా, ఊపిరి సాఫీగా వచ్చుచున్నదా యని మాత్రము చూడుడనిరి. మన దేశమున వైద్యుడు గడప దాటగానే రోగి చేయి చాచుట వాడుక గనుక, ఈ విషయమున మనవారందఱు లండను పక్షము వారే యనవలెను.

లారీగారు భారత వైద్యశాఖలో చేరి, లాహోరులో శస్త్రవైద్య బోధకులుగా నుండి, 1885లో హైదరాబాదునకు రెసిడెన్సీ సర్జనుగా వచ్చిరి. కోఠీలో మూసీనదికి ఉత్తరపు దిక్కున నున్న రెసిడెన్సీ భవనమును మన పిల్లలలో కొందఱు చూచియుందురు. తరువాతి కాలమున అది మహిళా కళాశాల యైనది. హైదరాబాదు వైద్య పాఠశాల కూడ ఆయన యధీనమునకు వచ్చెను. ఆ పాఠశాల 1846లో స్థాపింపబడినది, అనగా దానికిని లారీగారికిని ఒకే యీడు. ఆయన అందు స్త్రీలకు ప్రవేశము కలిగించిరి. అట్లు చేరిన తొలివారిలో రూపాబాయి ఫర్దూన్‌జీ అను పారశీక యువతి క్లోరోఫారము ఇచ్చుటయందు నేర్పరియై, చిరకాలము హైదరాబాదు ఆసుపత్రులలో పనిచేసెను. ప్రపంచమున మత్తుమందు వైద్యురాండ్రలో ఈమెయే మొదటిదని చెప్పువారు కలరు. మేము ఈ వ్యాసమును ఆమెను గూర్చియే వ్రాయదలచితిమి గాని, గురువును వదలి శిష్యురాలి కథ చెప్పిన అది సగముననే నిలుచును.

హైదరాబాదులో లారీగారు వేలకొలది రోగులకు క్లోరోఫారము ఇప్పించిరి. రోగిని వెల్లకిల పరుండబెట్టి, మెడ వద్దను రొమ్ము వద్దను బట్టలు వదులుచేసి, గుడ్డతో చేసిన తెఱపి టోపీలో కొంచెము దూది యుంచి, దానిపై మందు పోసి ముక్కు వద్ద పట్టుదురు. పట్టినవాని కన్ను ఊపిరి మీదనే యుండవలెను. గుఱక వచ్చినను, ఊపిరి చిక్కినను, తక్షణమే టోపీ తీసి, క్రింది దవడను వెనుకనుండి ముందుకు లాగవలెను. నాడి చూచుట కేవలము నిషేధము. నాడిపై మనస్సు పెట్టినవాడు ఊపిరిని మఱచునని ఆయన వాదము.

తన యనుభవము చాలదని, పరిశోధన కావలెనని ఆయన నిజాము మీర్ మహబూబ్ అలీఖాన్‌గారి ప్రభుత్వమును కోరగా, 1888లో మొదటి క్లోరోఫారము కమీషను ఏర్పడెను. డాక్టరు హెహిరు మొదలగువారు నూటికి పైగా వీధికుక్కలకు ఆ మందునిచ్చి చంపి చూచిరి. ప్రతిసారియు ముందు ఊపిరి ఆగినది. గుండె ఆ తరువాత కొంతసేపు కొట్టుకొని ఆగినది. లండనులో లాన్సెట్ అను వైద్య పత్రిక దీనిని నమ్మలేదు. అంతట నిజాముగారు, అప్పటికి ఇరువదిమూడేండ్ల వారు, ఆ పత్రికవారే తమ ప్రతినిధిని పంపి కన్నులార చూచుకొనవచ్చునని వేయి పౌనుల ధనమిచ్చిరి. ఒక సంస్థానాధిపతి తన ఖజానా విప్పి, నమ్మనివానినే సాక్షిగా పిలిపించుట చరిత్రలో అరుదు.

వచ్చిన ప్రతినిధి సామాన్యుడు కాడు. టామస్ లాడర్ బ్రంటనుగారు మందుల గుణములను గూర్చి గొప్ప గ్రంథము వ్రాసినవారు. మఱియొక సంగతి మన ప్రాంతపువారికి మఱింత ముఖ్యము. 1870 తరువాతి సంవత్సరములలో ఆయన కలకత్తాలో పనిచేసిన ఫేరరుగారితో గూడి నాగుపాము విషమును పరిశోధించి, విషము తలకెక్కిన జంతువు ఊపిరి ఆగి చచ్చుననియు, తిత్తితో ఊపిరితిత్తులలోనికి గాలి కొట్టుచుండినచో దాని గుండె పెక్కు గంటలు కొట్టుకొనుచుండుననియు కనుగొనిరి. ఇంత తెలిసినను, క్లోరోఫారము విషయమున మాత్రము ఆయన గుండె పక్షముననే యుండి హైదరాబాదునకు బయలుదేరిరి.

1889 అక్టోబరు మొదలు డిసెంబరు వఱకు రెండవ కమీషను పనిచేసెను. లారీగారు అధ్యక్షులు, బ్రంటను, బాంఫర్డు, రుస్తుంజీ యనువారు సభ్యులు. కుక్కలు, కోతులు, మేకలు, గుఱ్ఱములు, పిల్లులు, కుందేళ్లు నాలుగు వందలకు మించి బలియయ్యెను. రక్తపు పోటును కాగితముపై గీతగా వ్రాయు యంత్రమును అమర్చి, ఆ గీతలకు ఛాయాచిత్రములు తీసిరి. ఈ సంఖ్యను చదువునప్పుడు మా మనస్సు చివుక్కుమనుచున్నది. అట్టి పరిశోధనకు ఇప్పుడు మన దేశమున చట్టముచే ఏర్పడిన సంఘముల యనుమతి కావలెను. ఆనాడు వీధికుక్కను పట్టుకొనివచ్చుటకు ఎవరి యనుమతియు నక్కఱలేదు. పరిశోధన ముగియుసరికి బ్రంటనుగారు తమ పూర్వాభిప్రాయమును విడిచి, ప్రమాద మంతయు ఊపిరి యాగుటవలననే యని లండనునకు తంతి నిచ్చిరి. లారీగారి జీవితమున అంతకు మించిన దినము లేదు.

ఇక ఊపిరి ఏల ముందాగును? బాలుని ప్రశ్నకు సమాధానము ఇచ్చటనే కలదు. మెదడు క్రింద, వెన్నుపాము మొదలగు చోట, బొటనవ్రేలి కొనంత భాగమొకటి గలదు. దానికి మజ్జాముఖ మని పేరు. 1811, 1812 సంవత్సరములలో లెగల్వా అను ఫ్రెంచి వైద్యుడు కుందేళ్లపై పరిశోధించి, పెద్దమెదడును తీసివేసినను ఊపిరి సాగుననియు, ఈ చిన్న భాగము దెబ్బతిన్నచో తత్‌క్షణమే యాగుననియు చూపెను. అచ్చటనుండి ఆజ్ఞ వెన్నుపాములో మెడ వఱకు దిగి, ఫ్రెనిక్ నరముల ద్వారా రొమ్మునకు పొట్టకు నడుమనున్న ఉదరవితానమను కండరమును చేరును. వేఱు నరములు ప్రక్కటెముకల కండరములను కదలించును. రక్తమున బొగ్గుపులుసు వాయువు కొంచెము హెచ్చినచో ఆజ్ఞ వడిగా వెడలును, తగ్గినచో మెల్లగా వెడలును. ఊపిరి బిగబట్టి యెంత పంతము పట్టినను చివరకు ఓడిపోవుదుము. ఓడించునది ఆ వాయువే. నిద్రలో మనకు బదులు పీల్చుచున్న కావలివాడు ఈ మజ్జాముఖమే. గుండె సంగతి వేఱు. దానికి ఆజ్ఞ పైనుండి రానక్కఱలేదు. వేగమును హెచ్చించి తగ్గించు నరములున్నను, కొట్టుకొనుట దాని సొంత పని. కావున మత్తు మితిమీరి కావలివాడు నిద్రపోయినచో ఊపిరి నిలుచును. గుండె రక్తములో మిగిలిన ప్రాణవాయువుతో కొన్ని నిమిషములు నడచి, అది తీరగానే తానును నిలుచును. ఆ కొన్ని నిమిషములే రోగికి గల గడువు. ఆ లోపల మఱియొకడు అతని ఊపిరితిత్తులలోనికి గాలి పంపినచో బ్రతుకును.

లారీగారు చూచినది ఇదియే, చూచినంత వఱకు సత్యమే. అంతతో ఆగియుండిన ఎంత బాగుండెడిది! ఆయన ఆగలేదు. క్లోరోఫారమువలన గుండె నేరుగా ఎన్నడును ఆగదని శాసనము చేసిరి. ఊపిరిని సరిగా చూచినచో మరణమే యుండదనియు, మరణము కలిగినచో తప్పు మందిచ్చినవానిదే యనియు వాదించిరి. ఇంగ్లండులో మరణములు ఆగలేదు. అందులో కొన్ని మందు మొదలుపెట్టిన రెండు మూడు నిమిషములకే, రోగి యింకను సగము మెలకువలో నుండగనే కలిగెను. 1893లో కేంబ్రిడ్జిలో గాస్కెలు, షోరు అనువారు మందు కలిసిన రక్తమును మెదడునకు మాత్రము పంపియు, గుండెకు మాత్రము పంపియు చూచి, గుండె కూడ నేరుగా బలహీనపడునని తేల్చిరి. లారీగారు వినలేదు. 1901లో ఉద్యోగము విరమించిన యేటనే ప్రకటించిన తమ పుస్తకమున కూడ అదే మాటపై నిలిచిరి. మలేరియా పురుగును గూర్చియు ఆయన యిట్లే పట్టు పట్టి, లావెరాను కనుగొన్న సూక్ష్మజీవి లేనే లేదనిరి. 1897లో సికింద్రాబాదులో రొనాల్డు రాసుగారు ఆ జీవినే దోమ కడుపులో చూచిరి.

నిజము 1911లో బయటపడెను. గుడ్మన్ లీవీ అను వైద్యుడు పిల్లులకు క్లోరోఫారము కొంచెము కొంచెముగా, ఆపుచు ఇచ్చుచు చూచెను. భయమువలనను నొప్పివలనను రక్తమున ఎడ్రినలిన్ అను రసము హెచ్చును. పలుచని మత్తులో ఆ రసము గుండెకు సోకినచో, గుండె క్రమము తప్పి, కొట్టుకొనుట మాని, పురుగుల మూటవలె వణకి, క్షణములో ఆగును. గోరు తీయించుకొనబోయిన ఆ బాలికవంటివారి మరణములకు ఇదియే మూలమై యుండునని అటుపిమ్మట పలువురు తలచిరి. హైదరాబాదు జంతువులలో ఇది కనబడకపోవుటకు కారణము కొంతవఱకు లారీగారి నేర్పే. నిలకడగా, పూర్తిగా మత్తెక్కించువాని చేతిలో ఆ ప్రమాదము తక్కువ. తన చేతి మంచితనము వలననే ఆయనకు ఇతరుల చేతిలోని ప్రమాదము కనబడలేదనుట వింతగా నున్నను, మాకు అట్లే తోచుచున్నది. ఈ పరిశోధన వెలువడిన నాలుగేండ్లకు, 1915లో, ఆయన కన్నుమూసిరి. క్రమముగా క్లోరోఫారము కూడ శస్త్రశాలలను విడిచిపోయెను.

అయిన ఆయన పట్టుకొన్న ఆ సగము సత్యము ఊరక పోలేదు. ఊపిరి ఆగుట మత్తుమందువలననే కాదు, నరములకు సంబంధించిన వ్యాధులు పెక్కింటిలో జరుగును. పోలియో వెన్నుపాములోని కణములను చంపినచో, కావలివాని ఆజ్ఞ బయలుదేరును గాని కండరమును చేరదు. 1952లో డెన్మార్కు రాజధాని కోపెన్‌హాగనులో పోలియో చెలరేగి, మొదటి మూడు వారములలో ఊపిరి చిక్కిన 31 మందిలో 27 మంది మరణించిరి. అప్పుడు ఇబ్సెను అను మత్తుమందు వైద్యుని పిలిచిరి. వీరిని చంపుచున్నది రోగపు విషము కాదు, బయటికి పోలేక పేరుకొన్న బొగ్గుపులుసు వాయువే యని ఆయన గ్రహించి, పండ్రెండేండ్ల బాలిక గొంతులో రంధ్రము చేయించి, గొట్టము పెట్టించి, రబ్బరు సంచిని చేతితో నొక్కి గాలి పంపెను. ఆమె బ్రతికెను. పిమ్మట వైద్యవిద్యార్థులు సుమారు 1500 మంది వంతులవారీగా రాత్రింబవళ్లు సంచులు నొక్కుచు రోగుల మంచముల ప్రక్క కూర్చుండిరి. మన విద్యార్థులు ఈ సంగతిని మఱియొకసారి చదువవలెనని కోరుచున్నాము. వారు మీకంటె అయిదాఱేండ్లు మాత్రమే పెద్దవారు. 1956లో ఆ దేశమువారే, నొక్కి విడిచిన తనంతట తానే ఉబ్బు ఆంబు సంచిని తయారుచేసిరి.

ఆ సంచి ఇప్పుడు మన గడపలోనే యున్నది. 2005 ఆగస్టు 15న హైదరాబాదులో ఆరంభమైన 108 వాహనముల సంస్థకు ముఖ్యస్థానము మేడ్చల్ మార్గమున దేవరయాంజాలు వద్దనే ఏర్పడినది. వాహనములలో పనిచేయువారికి అచ్చట నేర్పిన విద్యలలో, దవడను ముందుకు లాగి ముఖముపై మూత పెట్టి సంచిని నొక్కుట ముఖ్యమైనది. దవడను లాగు ఆ పట్టు లారీగారి శిష్యులు రెసిడెన్సీ సర్జనుగారి యెదుట చేసినదే.

శామీర్‌పేట చెఱువు క్రింది పొలములలోను, మేడ్చల్ పరిసరముల యిండ్లలోను వానకాలమున నేలపై పరుండువారు కట్లపామును ఎఱుగనివారు కారు. అది రాత్రివేళ కఱచును. కాటు కనబడదు, నొప్పి యుండదు. తెల్లవాఱుసరికి కనురెప్పలు వ్రాలును, మాట ముద్దయగును, మ్రింగుట కష్టమగును, తుదకు ఊపిరి సన్నగిల్లును. నరమునకు కండరమునకు నడుమ సందేశము పోకుండ ఆ విషము అడ్డుపడును. కావలివాడు మేల్కొనియే యున్నాడు, ఆజ్ఞ యిచ్చుచునే యున్నాడు, వినువాడు లేడు. గుండె కొట్టుకొనుచుండును. రెప్ప ఎత్తలేడు, వ్రేలు కదపలేడు. కాని తన మంచము చుట్టు ఏడ్చువారి మాటలు వినుచుండవచ్చును. చనిపోయెనని విడిచిపెట్టినచో నిజముగనే చనిపోవును. విషమునకు విఱుగుడు మందు త్వరగా నెక్కించి, యంత్రముతో గాని చేతితో గాని గాలి పంపుచుండినచో, కొన్ని దినములకు నరములు తేఱుకొని, తనంతట తాను పీల్చుకొనును. మంత్రగాని యింటికి పోవుటలో గడచిన గంటయే అట్టివారిలో పెక్కండ్ర ప్రాణము తీయుచున్నది.

మా స్కౌటు బాలురకు ఈ సంవత్సరము ప్రథమచికిత్స నేర్పునప్పుడు, స్పృహ తప్పినవాని వద్దకు పోగానే మొదట ఏమి చేయవలెనని యడిగితిమి. ఇద్దఱు చేయి పట్టి నాడి చూడబోయిరి. శామీర్‌పేట బాలుడు మాత్రము 108కి పిలువుడని ఒకనిని పంపి, నేలపై పరుండియున్న తన స్నేహితుని గడ్డమును మెల్లగా పైకెత్తి, ముక్కు వద్ద చెవి పెట్టి, కన్నులు అతని రొమ్ముపై నిలిపి కూర్చుండెను.